రింజి అనే అమ్మాయి

ఆడపిల్లకి ఆడపిల్లలా నడవడం నేర్పమని నన్నడిగినప్పుడు నేను ముఖానికి తెల్లరంగు పూసుకుంటున్నాను. సగం ముఖమే అయింది. డైరెక్టరు కురాహషి గుమ్మంలో నిలబడి, పక్కింట్లో చిటికెడు ఉప్పు అడిగినంత తేలిగ్గా అడిగాడు. నాకు అర్థం కాలేదు. ఇప్పటికీ పూర్తిగా అర్థమైందని చెప్పలేను.

నా పేరు రిన్నోజో. పదకొండో ఏట రంగస్థలం ఎక్కాను. ముప్పై ఏళ్ళుగా ఆడవేషాలే. మొదట నాటకాల్లో, తర్వాత సుమిదా నది ఒడ్డున ఈ గాజుకప్పు స్టూడియోలో, సినిమాల్లో. తల్లినై, పెళ్ళాన్నై, విధవనై, వేశ్యనై ఏడ్చి టోక్యో మొత్తాన్ని ఏడిపించాను. తెరమీద ఆడది అంటే జనానికి నేనే. నేనూ, నాలాంటి మరో అయిదుగురు మగవాళ్ళూ. అందులో వింతేమీ లేదు, మా తాతల నాటి నుంచీ అంతే. వింత ఆ రోజు మొదలైంది.

"రిన్నోజో గారూ, ఒక అమ్మాయిని తెచ్చాను. వచ్చే సినిమాలో మీ చెల్లెలి వేషం ఆమెది. ఇరవై రోజుల్లో కాస్త తయారుచెయ్యాలి మీరు."

"ఎవరి శిష్యుడు?"

"శిష్యుడు కాదు మహానుభావా! ఆడపిల్ల. తల్లి కన్న ఆడపిల్ల. మొన్నటిదాకా టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో పనిచేసేది."

"ఆడపిల్లే అయితే ఇంక నేను నేర్పేదేముంది? పుట్టుకతో వచ్చుండాలిగా!"

కురాహషి తల గోక్కున్నాడు. "అదేనండీ మా ఖర్మ. నిన్న కెమెరా ముందు నడిపించి చూశాం. మగాడిలా ఉంది."

స్టూడియోలో ఆడవేషాల గది ఒకటే. ఆఫీసు గుమాస్తా ఆ పిల్లని, ఆడది కదా అని, తిన్నగా అక్కడికే పంపాడు. తలుపు తెరిచేసరికి లోపల ఆరుగురం నడుము దాకా విప్పుకుని మెడలకి రంగు పూసుకుంటున్నాం. అందరం కెవ్వున అరిచి కిమోనోలు ఛాతీకి అడ్డం లాక్కున్నాం. ఆ పిల్ల మాత్రం అరవలేదు. "క్షమించాలి, ఆడవాళ్ళ గది అన్నారు" అని వంగి దండం పెట్టి బయటికెళ్ళింది. ఆ రోజంతా మాకు ఒకటే సిగ్గు. ఎందుకు సిగ్గో ఎవరికీ తెలియలేదు. చివరికి ఆమెకి సెట్టు సామాన్ల కొట్టులో, కాగితపు లాంతర్ల గుట్ట వెనక తెర కట్టి చోటిచ్చారు.

ఆమె పేరు హొసొయా ఇకు. పంతొమ్మిదేళ్ళు. తల్లి తాసె, అసకుసా పేటలో ఇంటింటికీ తిరిగి ఆడవాళ్ళకి కొప్పులు కట్టే మనిషి. మొగుడు పోయాక ఆ దువ్వెనతోనే కూతుర్ని పెంచింది. కూతురు సినిమాల్లో చేరుతుందంటే ఇరుగూ పొరుగూ బుగ్గలు నొక్కుకున్నారట. తల్లి మాత్రం, "నీ పేరుతో, నీ ముఖంతో నిలబడతానంటే వెళ్ళు. దాక్కునే పనైతే వెళ్ళకు" అందట. ఇకు ఆ మాట మొదటి రోజే నాతో చెప్పింది. నేను చెవిన పెట్టలేదు.

"ఏదీ, నడువు చూద్దాం" అన్నాను.

నడిచింది. అయ్యో దేవుడా! చేతులు ఊపుకుంటూ, ట్రామ్ కదిలిపోతోందన్నట్టు, చెక్కచెప్పులు టకటకలాడించుకుంటూ ఈ చివరి నుంచి ఆ చివరికి వెళ్ళిపోయింది.

"ఆగాగు! ఎక్కడికా పరుగు? ఇల్లు తగలబడుతోందా?"

"నా నడకే ఇదండీ గురువుగారూ."

"ఇది నడకా? బియ్యం మూటలు మోసే కూలీ నయం!"

మోకాళ్ళ మధ్య పల్చటి కాగితం ఒకటి పెట్టాను. అది జారకుండా నడవాలి. భుజాలు వెనక్కి లాగాలి, వీపు రెక్కలు ఒకదానికొకటి తగిలేంతగా. బొటనవేళ్ళు అరచేతుల్లో దాచాలి. నవ్వొస్తే చేతి అంచు నోటికి అడ్డం రావాలి, ఏడుపొస్తే ముందు మెడ ఏడవాలి, కళ్ళు తర్వాత. ఇవన్నీ నేను మా గురువు దగ్గర వెదురు కర్రతో దెబ్బలు తిని నేర్చుకున్నవి. ఈ పిల్లని కొట్టలేదు, తిట్లతోనే సరిపెట్టాను.

"గురువుగారూ, ఒకటి అడగనా? ఇలా ఏ ఆడది నడుస్తుందండీ?"

"తెరమీద ఆడది."

"మా అమ్మ ఇలా నడవదే."

"మీ అమ్మ నడకని ఎవరూ టిక్కెట్టు కొని చూడరు."

కిసుక్కున నవ్వింది. మళ్ళీ మొదలుపెట్టింది. "మరి మీరు ఎవర్ని చూసి నేర్చుకున్నారు?"

"మా గురువుని చూసి."

"ఆయన?"

"ఆయన గురువుని చూసి."

"వాళ్ళందరికంటే ముందు ఎవరో ఒక ఆడమనిషి ఉండే ఉంటుంది కదండీ?"

కాగితం పడిపోయిందని తిట్టాను. నిజానికి పడలేదు.

ఇరవయ్యో రోజున ఇకు కాగితం జారకుండా మెట్లు దిగి, చేతి గుడ్డ అంచు కొరికి, వెనక్కి తిరిగి చూసింది. నాకు కళ్ళు చెమర్చాయి, దాచుకోవడం ఎందుకు? ఆ సంతోషంలోనే తప్పు చేశాను. మాలో గురువు మెచ్చిన శిష్యుడికి తన పేరులోంచి ఒక ముక్క తీసి కొత్త పేరు పెడతాడు. అంతకు మించిన కానుక లేదు. రిన్నోజో శిష్యురాలు కాబట్టి ఈమెని రింజి అన్నాను. అది మగపేరే. శిష్యులకి పెట్టే పేర్లన్నీ మగపేర్లే. ఆడపిల్లకి ఏం పెట్టాలో మా గురువు చెప్పలేదు, ఆయన గురువూ చెప్పలేదు. ఇకు నేలకి తల ఆన్చి ఆ పేరు తీసుకుంది. లేచాక, "మరి నా పేరో?" అంది. "పిచ్చిదానా, ఇదే నీ పేరు!" అన్నాను మురిసిపోతూ.

సినిమా అసకుసాలో విడుదలైంది. హాలు ముందు నా పేరు రాసిన జెండా, దాని పక్కన రింజి అని రాసిన జెండా. మా సినిమాలకి గొంతు ఉండదు కదా, తెర పక్కన బెన్షీ నిలబడి అందరి మాటలూ తనే చెప్తాడు. ఆడవేషాలకి సన్నగొంతు పెడతాడు. ఇన్నేళ్ళుగా నాకు పెట్టిన గొంతే ఇకుకీ పెట్టాడు. చెల్లెలు రేవులో అక్కని సాగనంపే చోట హాలంతా ముక్కులు చీదుకున్నారు. వెనక వరుసల్లోంచి మగవాళ్ళు "రింజీ! రింజీ!" అని కేకలు. నేను గర్వంతో ఉబ్బిపోయాను.

వారం తిరిగేసరికి ఉత్తరాలు వచ్చిపడ్డాయి. "గురువుని మించిన శిష్యుడు" అని ఒకడు. ఆ ముక్క నాకు నచ్చలేదు. "మగవాడై ఉండి ఆడదాని మనసు ఎలా పట్టుకున్నారు రింజి గారూ" అని మరొకడు. ఒక మిఠాయి కొట్టు అమ్మాయి అయితే రింజిని తప్ప ఎవర్నీ పెళ్ళి చేసుకోనని రాసింది. ఇకు ఆ ఉత్తరం అటూ ఇటూ తిప్పి చూసి, "దీనికేమని జవాబు రాయాలండీ?" అని నన్నడిగింది.

నేను మేనేజరు తడొకోరో దగ్గరికి పరిగెత్తాను. ఆయన ఎండు స్క్విడ్ ముక్కలు నములుతూ కూర్చున్నాడు. పొద్దున్నుంచి సాయంత్రం దాకా అదే పని.

"తడొకోరో గారూ, ఘోరం జరిగిపోయింది. జనం ఇకుని మగాడనుకుంటున్నారు."

"ఘోరమా? అదృష్టమయ్యా! నోరు మూసుకో."

"ఏమిటీ?"

"మనకి నటీమణులు కావాలీ, నటీమణులు కావాలీ అని ఆ కురాహషి నా ప్రాణం తోడేశాడు. ఏం అక్కర్లేదని తేలిపోయింది. కుర్రాళ్ళు చెయ్యగలరు. రింజిని చూడు!"

"రింజి ఆడది కదండీ!"

"అబ్బా, ఆ సంగతి ఎవడికి తెలుసు? తెలిస్తే, మగాడు చేసిన విద్య అనుకుని చప్పట్లు కొట్టినవాళ్ళే ఆడది ఆడదిలా ఉంటే విశేషమేముందని లేచిపోతారు. నువ్వు కూడా ఆలోచించుకో. రింజి రింజిగా ఉన్నంతకాలం నీ ఉద్యోగానికి ఢోకా లేదు. ఇకు అని తేలితే నీకూ ఆ అయిదుగురికీ రేపట్నించి ఏం వేషాలిస్తాను?"

నటీమణులు అక్కర్లేదని తేల్చేశాడు. ఎవర్ని చూసి? ఒక నటీమణిని చూసి! బయటికి వచ్చి నది గట్టు మీద కూర్చున్నాను. ఎంత ఆలోచించినా అది ఒక కొస దొరికితే రెండో కొస జారిపోయే చిక్కు. కానీ ఉద్యోగానికి ఢోకా లేదన్న మాట మాత్రం చల్లగా తగిలింది. అబద్ధం చెప్పను. నోరు మూసుకున్నాను.

ఆ నెలాఖరున ఒకరోజు ఇకు కళ్ళు వాచిపోయి వచ్చింది.

"ఏమైంది పిల్లా?"

"నిన్న అమ్మని సినిమాకి తీసుకెళ్ళానండీ. నా వేషం తను ఇంకా చూడలేదు కదా అని. ఇద్దరం ఆడవాళ్ళ వైపు కూర్చున్నాం."

మా హాళ్ళలో ఆడవాళ్ళు ఒక వైపు, మగవాళ్ళు ఒక వైపు. పోలీసు హుకుం. అది చూసుకోవడానికి వెనక ఒక పోలీసాయన ఎత్తుకుర్చీలో కూర్చుని ఉంటాడు.

"నా పక్కనున్నావిడ నన్ను గుర్తుపట్టింది. 'అమ్మో, రింజి! ఆడవాళ్ళలో మగాడు!' అని గోల. పోలీసాయన వచ్చి, లెమ్మన్నాడు. నేను ఆడదాన్నండీ అన్నాను. అందరూ నవ్వారు. నన్ను తీసుకెళ్ళి మగవాళ్ళ వైపు కూర్చోబెట్టాడు గురువుగారూ. మూడు గంటలు. వాళ్ళ మధ్యన."

"మరి మీ అమ్మ?"

"'నా కూతురయ్యా' అని అరుస్తూనే ఉంది. 'నీ కొడుకు గొప్పవాడమ్మా' అని ఓదార్చారు."

నాకు నవ్వొచ్చింది. నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాను, అలవాటు. ఇకు నవ్వలేదు.

"అది కాదండీ. ఇంటికెళ్ళాక, ఏదో మర్చిపోయి మళ్ళీ బయటికెళ్ళి వచ్చాను. అమ్మ లోపల్నించి 'ఎవరండీ?' అంది. నా చిన్నప్పట్నించీ వీధి మలుపులో ఉండగానే నా అడుగుల చప్పుడు పట్టేసేది. నిన్న గుర్తుపట్టలేదు. నేను కూడా గుర్తు తెచ్చుకుందామని చూశాను. గది నాలుగు మూలలా నడిచాను. పాత నడక రావడం లేదు."

అందుకే విద్య అంటారు దాన్ని అని ఏదో వాగాను. నా మాట నాకే చేదుగా ఉంది.

తడొకోరో ఊరుకునే రకం కాదు. హాల్లో గొడవ సంగతి తెలిసి వెంటనే కొత్త ఎత్తు వేశాడు. వచ్చే ఆదివారం మధ్యాహ్నం అసకుసాలో వేదిక మీద రిన్నోజో తన శిష్యుణ్ణి జనానికి లాంఛనంగా పరిచయం చేస్తాడు. శిష్యుడు మగవాళ్ళ బట్టల్లో, కత్తిరించిన జుట్టుతో రావాలి. ఇంక ఎవరికీ అనుమానం ఉండకూడదు. ఇష్టమైతే అయిదేళ్ళు రింజి, ఇష్టం లేకపోతే తిరిగి టెలిఫోన్ ఎక్స్ఛేంజికి. జుట్టు కత్తిరించి ఆమెని తెచ్చే పూచీ నాది.

ఆదివారం పొద్దున్నే ఇకు ఇంటికి వెళ్ళాను. జుట్టు పని చేసే మనిషి ఇంట్లోనే ఉంటే మంగలి ఎందుకనుకున్నాను. నా తెలివి అలాంటిది. తాసె గారు దువ్వెన పళ్ళ మధ్య పట్టుకుని కూతురి జుట్టు విప్పి కూర్చుంది. పక్కన కత్తెర ఉంది. గోడకి ఒక పొడుగాటి గుడ్డ చుట్ట ఆనించి ఉంది.

"అదేమిటమ్మా?" అన్నాను.

"జెండా బాబూ. మా కొప్పులు కట్టేవాళ్ళందరం కలిసి కుట్టించాం. హొసొయా ఇకు అని రాయించాం. హాలు వాళ్ళు పెట్టుకోలేదు. ఆ పేరు గలవాళ్ళు ఈ సినిమాలో లేరన్నారు." దువ్వెన నోట్లోంచి తీసింది. "ఒక్కటి చెప్పు బాబూ. నువ్వు చదువుకున్నవాడివి. దీన్ని నేను కన్నాను, నీళ్ళు పోశాను, మొదటి కొప్పు కట్టాను. వీధిలో అందరూ మగాడంటున్నారు. స్టూడియో వాళ్ళూ అలాగే రాయించారు. రాత్రి పడుకుంటే నాకే అనుమానం వస్తోంది. ఇది ఎవరు?"

ఆ పిల్ల అద్దంలోంచి నా వంక చూసింది. ఏడవడం లేదు. నేను నేర్పినట్టు మెడ మాత్రం ఏడుస్తోంది. నేనిచ్చిన కానుక ఈ పిల్లని మింగేస్తోంది. ఇంతా చేసి నేను కాపాడుకుంటున్నది నా కూడు.

"కత్తెర లోపల పెట్టెయ్యండమ్మా" అన్నాను. "ఈడొచ్చిన పిల్లకి ఏ కొప్పు కడతారో అది కట్టండి."

"మరి మీ పని, గురువుగారూ?" అంది ఇకు.

"నోరు మూసుకుని తల తిన్నగా పెట్టు. మీ అమ్మకి కుదరడం లేదు."

మధ్యాహ్నం హాలు కిటకిటలాడిపోయింది. ఇద్దరం వేదిక మీద మోకాళ్ళ మీద కూర్చుని తలలు నేలకి ఆన్చాం. ఇకు తన మామూలు చారల కిమోనోలో, తల్లి కట్టిన కొప్పుతో ఉంది. తెర వెనక తడొకోరో గుడ్లురిమి చూస్తున్నాడు, దవడ ఆడడం ఆగిపోయింది.

"పెద్దలందరికీ దండాలు" అన్నాను. "ఈమెకి నేను రింజి అని పేరు పెట్టాను. ఆ పేరు ఇవాళ వెనక్కి తీసుకుంటున్నాను."

హాల్లో కలకలం రేగింది. మాలో గురువు పేరు వెనక్కి తీసుకున్నాడంటే శిష్యుడు దొంగతనమైనా చేసి ఉండాలి.

"తప్పు ఈమెది కాదు, నాది. నా దగ్గరున్నవన్నీ మగపేర్లే. ఈమెకి వేరే పేరుంది. అదేమిటో ఈమే చెప్తుంది."

ఇకు తలెత్తింది. బెన్షీ గొంతు కాదు, తన గొంతు. "నేను హొసొయా ఇకునండీ. ఆడపిల్లని."

అప్పుడు ముందు వరుసలో ఒక పెద్దమనిషి తొడ చరుచుకున్నాడు. "ఆహా! ఆ విగ్గు చూడండి, ఆ గొంతు చూడండి! అచ్చం ఆడదే! ఎంత సాధన చేశాడండీ కుర్రాడు!"

హాలంతా చప్పట్లతో మోగిపోయింది. ఇకు నా వైపు తిరిగి, "ఇప్పుడేం చెయ్యనండీ?" అంది. ముప్పై ఏళ్ళలో మొదటిసారి నా దగ్గర నేర్పడానికి ఏమీ లేదు.

"సాధనా?" ఆడవాళ్ళ వైపు నుంచి ఒక కేక. తాసె గారు బెంచీ మీదకి ఎక్కి నిలబడింది. "రెండు రోజులు పురిటినొప్పులు పడి నేను చేశానయ్యా సాధన! నువ్వు చేశావా? మీ మేనేజరు చేశాడా?" ఆమె చుట్టూ ఉన్న కొప్పులవాళ్ళు జెండా విప్పారు. తెల్లగుడ్డ మీద నీలి అక్షరాలు, హొసొయా ఇకు. మగవాళ్ళ వైపు నవ్వు మొదలై, సగంలో ఆగిపోయింది. "ఇంకా కూర్చున్నావేమే అక్కడ? రా ఇటు!" అంది తాసె గారు కూతురితో.

ఇకు లేచింది. మొదటి నాలుగడుగులూ కాగితం నడకే. మెట్లు కూడా అలాగే దిగింది. "ఎంతసేపే నీ తైతక్కలు!" అని అరిచింది తల్లి. అంతే, మధ్య దారిలో టక్ మంది ఒక చెప్పు. ఇంకోసారి టక్. తర్వాత చేతులు ఊగాయి, చెప్పులు టకటకలాడాయి, ట్రామ్ అందుకునేదానిలా ఆ పిల్ల హాలు మధ్య నుంచి దూసుకుపోయి ఆడవాళ్ళ వైపు తల్లి పక్కన కూలబడింది. అంతసేపూ తల్లి కళ్ళు మూసుకుని ఆ అడుగుల చప్పుడే వింది.

వెనక ఎత్తుకుర్చీలోంచి పోలీసాయన లేచాడు. అందరూ ఆయన వంకే చూశారు. ఇకుని చూశాడు, జెండాని చూశాడు, తాసె గారిని చూశాడు. టోపీ సర్దుకుని మళ్ళీ కూర్చున్నాడు.

తడొకోరో నన్ను తిట్టిన తిట్లు రాయను. మర్నాటి నుంచి ఆ హాలు ఇంకా నిండింది. నిజంగా ఆడదేనా కాదా అని జనం పందేలు వేసుకుని వచ్చారు. నాలుగు నెలల్లో స్టూడియోకి మరో ముగ్గురు ఆడపిల్లలు వచ్చారు, ఆడవేషాల గది వాళ్ళకిచ్చారు. మావాళ్ళు అయిదుగురూ తలో దిక్కూ పోయారు. ఇకు పట్టుబట్టి నాకు ముసలి తండ్రి వేషం ఇప్పించింది.

మొదటి రోజే కురాహషి తల గోక్కున్నాడు. "రిన్నోజో గారూ, ఏమనుకోకండి. తండ్రి ఆడదానిలా నడుస్తున్నాడు."

ఏమనుకుంటాను? రంగు గదిలోకి వెళ్ళి మూల కూర్చున్నాను. నలభై రెండేళ్ళ మగవాణ్ణి, మగాడిలా నడవడం రాదు నాకు. ఇకు వచ్చి నా ఎదురుగా నిలబడింది.

"లేవండి గురువుగారూ. నడవండి చూద్దాం."

నడిచాను. ఆమె నవ్వలేదు.

"ఆ మోకాళ్ళ మధ్య కాగితం తీసెయ్యండి."

"కాగితం ఎక్కడుందే పిల్లా?"

"ఉందండీ. ముప్పై ఏళ్ళుగా ఉంది. పడితే పడనివ్వండి, నేను తిట్టను."

నేను ఒక అడుగు వేశాను. కాళ్ళు ఒకదానికొకటి దూరంగా, పరాయి మనిషి కాళ్ళలా వెళ్ళాయి. అది మగనడకో ఆడనడకో నాకు తెలియలేదు. ఇంకో అడుగు వెయ్యమంది. వేశాను.